‘క్ష’కి ఎన్ని అక్షరాలు?

పాస్‌పోర్ట్ సైజు ఫొటో అనేది ఈ దేశంలో పుట్టిన ప్రతివాడి జేబులోనూ నాలుగు కాపీలు ఉండి తీరాల్సిన వస్తువు. రేషన్ కార్డుకి కావాలి, హాల్‌టికెట్‌కి కావాలి. గ్యాస్ కనెక్షన్‌కి, బ్యాంకు లాకర్‌కి, పింఛనుకి, ఆఖరికి అపార్ట్‌మెంట్‌లో పనిమనిషి గేటు పాసుకి కూడా కావాలి. దాంతో పనిలేని చోటు ఒక్కటే ఉంది. అది పాస్‌పోర్ట్ ఆఫీసు. అక్కడ ఫొటో వాళ్లే తీసుకుంటారు. నాలుగేళ్లు నిండని పసిపిల్లలకి మాత్రం మనం పట్టుకెళ్లాలి.

మొన్న మా ఆవిడ పాస్‌పోర్ట్ పని మీద వెళ్తూ అలవాటు చొప్పున ఎనిమిది ఫొటోలు తీయించుకుని వెళ్లాం. “అవసరం లేదండీ” అన్నాడు కౌంటర్ కుర్రాడు. ముప్ఫై ఏళ్ల సంసారంలో ఒక సర్కారీ గడప లోపల “అవసరం లేదు” అన్న మాట నేను వినడం అదే మొదలు. అప్పుడే అనుమానం రావాల్సింది.

సంగతేమిటంటే, డాలస్‌లో మా అమ్మాయికి పురుడు. పురుడంటే అమ్మమ్మ కనీసం ఆర్నెల్లు మకాం వేయాలి. తీరా చూస్తే అమ్మమ్మగారి పాస్‌పోర్ట్‌కి నాలుగు నెలల ఆయుష్షే మిగిలింది. పదేళ్ల పాస్‌పోర్ట్ అని పేరేగానీ, చాలా దేశాలు మనం దిగేనాటికి ఇంకా ఆర్నెల్ల గడువు మిగిలి ఉండాలంటాయి. అంటే అది తొమ్మిదిన్నరేళ్ల పాస్‌పోర్టే. ఆఖరి ఆర్నెల్లూ బీరువాలో పెట్టుకుని చూసుకోవడానికి.

మా వీధి చివర నెట్ సెంటర్ ఉంది. ప్రభుత్వం మధ్యవర్తుల్ని తీసేసి అంతా ఆన్‌లైన్ చేసింది కదా, ఆ ఆన్‌లైన్ పని చేసిపెట్టే మధ్యవర్తి అక్కడ కూర్చుంటాడు. “బాబూ, మా ఆవిడ పాస్‌పోర్ట్ రెన్యువల్ చేయాలి” అన్నాను. “రెన్యువల్ అనేది లేదంకుల్. రీఇష్యూ” అన్నాడు కీబోర్డు మీంచి తల ఎత్తకుండా.

కుర్రాడు చెప్పింది నిజమే. దరఖాస్తులో ఉన్నవి రెండే దారులు, కొత్తది లేదా మళ్లీ ఇచ్చేది. పాతదానికి ఆయువు పోయడం ఉండదు. పైగా 1967 నాటి పాస్‌పోర్టుల చట్టంలో పదిహేడో సెక్షన్ ఒకటుంది. ఆ పుస్తకం ఎప్పటికీ కేంద్ర ప్రభుత్వ ఆస్తేనని అది చెబుతుంది. అంటే పదేళ్లుగా మా ఆవిడ పట్టుచీరల మడతలో కలరా ఉండలేసి దాచుకున్నది ఆవిడ వస్తువు కాదన్నమాట. 1500 రూపాయలు కట్టి అద్దెకు తెచ్చుకున్నది. 36 పేజీల పుస్తకంలో ఆవిడ వాడినవి మూడు. మిగిలిన 33 పేజీల్లో చాకలి పద్దు రాసుకుందామన్నా నేరమట.

ఫారంలో మొదటి గడి సర్‌నేమ్, రెండోది గివెన్ నేమ్. తెలుగువాడి ప్రాణం పోయేది ఈ రెండు గడుల మధ్యే. మన ఇంటిపేరు ముందుంటుంది, వాళ్లకి వెనక కావాలి. మన బడి మాస్టారు దాన్ని ఒక్క పొడి అక్షరం చేసి పదో తరగతి మెమోలో ఎక్కించాడు. పాస్‌పోర్ట్ దరఖాస్తులో పొడి అక్షరాలు కుదరవు. పోనీ ఇంటిపేరు గడి ఖాళీగా వదిలేద్దామా అంటే, వదిలేసినవాళ్ల గతి అమెరికాలో చూడొచ్చు. మొత్తం పేరుని వీసా మీద సర్‌నేమ్‌గా వేసి, మొదటి పేరు దగ్గర ‘ఎఫ్‌ఎన్‌యూ’ అని కొడతారు. మొదటి పేరు తెలియదని దానర్థం. బారసాల నాడు బియ్యంలో రాసి, చెవిలో మూడుసార్లు చెప్పి పెట్టిన పేరున్నవాణ్ణి ‘తెలియదు’ అని పిలుస్తారు. వాడు అదే పేరుతో డ్రైవింగ్ లైసెన్సు తీసుకుని, అదే పేరు పిలిస్తే పలుకుతూ బతికేస్తుంటాడు. 2022 నవంబరులో దుబాయ్ వైపు వాళ్లు ఇంకో మెట్టు ఎక్కారు. పాస్‌పోర్ట్ మీద పేరు ఒంటరిగా ఉంటే విజిట్ వీసా మీద గడప దాటనివ్వమన్నారు.

అలాగని భయపడి నిండుగా రాశారా, దానికీ తంటా ఉంది. ఫొటో పేజీ అడుగున యంత్రం చదువుకునే రెండు వరసలుంటాయి. వరసకి 44 గళ్లు. పై వరసలో పేరుకి మిగిలేవి 39. మా బామ్మర్దికి ఇద్దరు తాతల పేర్లు, ఒక కులదేవత, ఒక నాగేంద్రుడు, వాటి ముందు ఇంటిపేరు ఉన్నాయి. 39 గళ్లలో నాగేంద్రుడి దాకా వచ్చి పడగ దగ్గర ఆగిపోయాడు.

పుట్టిన చోటు రాయడం ఇంకో ముచ్చట. నేను పుట్టింది కరీంనగర్ జిల్లాలో. నా పాత పాస్‌పోర్ట్‌లో రాష్ట్రం ఆంధ్రప్రదేశ్. 2014లో రాష్ట్రం మారింది, 2016లో జిల్లా జగిత్యాల అయింది. పుట్టినవాణ్ణి పుట్టినచోటే కూర్చోబెట్టి, కిందనుంచి జిల్లానీ రాష్ట్రాన్నీ చాపలా లాగేసి, ఇప్పుడు “ఎక్కడ పుట్టావయ్యా” అంటారు. అటువైపు ఆంధ్రాలో మాత్రం తక్కువా? 2022లో 13 జిల్లాల్ని 26 చేశారు. మా ఊరు ఎక్కడికీ పోలేదండీ, మీరే వెళ్లారు అని రాయడానికి ఫారంలో గడి లేదు.

సరే, స్లాట్ దొరికింది. ఏ ఊరి కేంద్రమో చెప్పను. పదేళ్లకి మళ్లీ వెళ్లాల్సింది అక్కడికే.

ఉన్నమాట చెప్పాలి, పాతరోజులతో పోలిస్తే ఇప్పుడు స్వర్గం. తెల్లారకముందే చద్దిమూటతో క్యూ, చెట్టు కింద బ్రోకరు, గెజిటెడ్ ఆఫీసరు సంతకం కోసం బంధువుల్లో తాసిల్దారుని వెతుక్కోవడం, ఇవన్నీ 2012 నాటికి దేశమంతా సేవా కేంద్రాలు వచ్చాక తగ్గాయి. 2017 నుంచి పోస్టాఫీసుల్లోనూ పెట్టారు. ఏసీ ఉంది, టోకెన్ ఉంది, కూర్చోవడానికి ఇనప కుర్చీ ఉంది. కౌంటర్లు మూడు రకాలు. ‘ఎ’ దగ్గర కంపెనీ కుర్రాళ్లుంటారు, నవ్వుతారు. ‘బి’ దగ్గర ప్రభుత్వం వారుంటారు, చూస్తారు. ‘సి’ దగ్గర ఇచ్చే అధికారి ఉంటారు. మనం అక్కడిదాకా చేరామంటే ఆయన చూడకపోయినా పర్వాలేదు.

‘ఎ’లో మా ఆవిడ వేళ్లు పడలేదు. ముప్ఫై ఏళ్లు చింతపండు పిసికి, అంట్లు తోమి, వేలిముద్ర అన్నది మాయమైంది. కుర్రాడు టిష్యూ కాగితం ఇచ్చి తుడవమన్నాడు, గట్టిగా నొక్కమన్నాడు, తనే వేలు పట్టుకుని నొక్కాడు. ఆరోసారికి యంత్రం కరుణించింది. “ఆంటీ, ఇంట్లో పని కొంచెం తగ్గించండి” అన్నాడు నవ్వుతూ. ఆవిడ నావైపు చూసింది. నేను టోకెన్ బోర్డు వైపు చూశాను.

‘బి’ కోసం ఎదురుచూస్తున్నప్పుడు పక్క కుర్చీలో ఒక కుర్రాడు, వాడి వెంట వాళ్ల చిన్నాయన. ఇరవై రెండేళ్లుంటాయి కుర్రాడికి. మొదటి పాస్‌పోర్ట్. సౌదీకి పోతాడట.

“పది పాసయినవా తమ్మీ?” అడిగాను.

“లెక్కలల్ల పోయింది సార్. నాలుగు మార్కులు.”

ఆ నాలుగు మార్కుల ఖరీదు వాడికి ఇంకా తెలీదు. పదో తరగతి గట్టెక్కనివాడి పాస్‌పోర్ట్ మీద ‘ఈసీఆర్’ అని పడుతుంది. 1983 నాటి వలసల చట్టం ప్రకారం గల్ఫ్‌తో కలిపి 18 దేశాలకి కూలికి పోవాలంటే వాడు వలసదారుల సంరక్షకుడి అనుమతి తెచ్చుకోవాలి. మోసపోకుండా కాపాడడానికట. ఉద్దేశం బంగారం లాంటిది. లెక్కల్లో 31 వచ్చినవాణ్ణి రియాద్‌లో మోసం చేస్తారు, 35 వచ్చినవాడి జోలికి ఎవరూ పోరు అని ఢిల్లీలో ఎవరో లెక్కగట్టారు. ఆయనకి లెక్కల్లో ఎన్నొచ్చాయో! ఈ అనుమతి తతంగం పడలేక ఏజెంటు అదే కుర్రాణ్ణి విజిట్ వీసా మీద విమానం ఎక్కిస్తాడు. దానికి అనుమతి అక్కర్లేదు. సంరక్షణ గేటు దగ్గర కాపలా కాస్తుంటే వాడు గోడ దూకి మోసపోవడానికి వెళ్తాడు.

చిన్నాయనకి ఆ ముద్ర లేదు. యాభై దాటాయి. యాభై దాటినవాడికి లోకజ్ఞానం వస్తుందని చట్టం నమ్మకం. “నేను మొదట పోయిన్నాడు ఎయిర్‌పోర్టులనే గుంజుకున్నడు సార్ కఫీల్” అన్నాడాయన, నిన్నటి సంగతిలా. కఫీల్ అంటే పనిలో పెట్టుకున్న అక్కడి సేఠ్. “రెండేండ్లు నా పాస్‌పోర్ట్ నేను సూడలే. మా అవ్వ సచ్చిపోతే ఇయ్యమంటే గుడ ఇయ్యలే.”

పదిహేడో సెక్షన్ గుర్తుందా? పాస్‌పోర్ట్ భారత ప్రభుత్వ ఆస్తి. మునిసిపాలిటీ కుళాయి గొట్టం ఎత్తుకెళితే కేసు పెట్టే దేశం మనది. అదే దేశపు ఆస్తి గల్ఫ్ సేఠ్‌ల బీరువాల్లో కట్టలు కట్టలుగా పడుంది. నా పుస్తకం నాకిమ్మని మన ప్రభుత్వం అక్కడికి జప్తు నోటీసు పట్టుకుపోయిందని ఎవరైనా విన్నారా? 2018 జనవరిలో ఒక గొప్ప ఆలోచన మాత్రం చేశారు. ఈసీఆర్ వాళ్లకి వేరేగా నారింజ రంగు అట్ట వేద్దామన్నారు. ఎవణ్ణి మోసం చేయాలో దూరంనుంచే తెలిసిపోయేది, విమానాశ్రయంలో కూలీని అట్ట చూసే గుర్తుపట్టేవారు. నాలుగు పక్కలనుంచీ తిట్లు పడ్డాక అదే నెలాఖరున మానుకున్నారు. మానుకున్నందుకు మెచ్చుకోవాలో, తట్టినందుకు నొచ్చుకోవాలో తెలీదు.

మా టోకెన్ వెలిగింది.

“అమ్మా, మీ పేరు?” అన్నారు ‘బి’ కౌంటర్ ఆఫీసరు గారు.

“మహాలక్ష్మి అండి.”

“ఏ లక్ష్మి?”

మా ఆవిడ తెల్లబోయింది. అష్టలక్ష్ములున్న మాట నిజమే గానీ ఆయన అడిగింది వాళ్ల గురించి కాదు. “కెఎస్‌హెచ్ లక్ష్మా, ఎక్స్ లక్ష్మా? పాత పాస్‌పోర్ట్‌లో ఎక్స్ ఉంది. ఆధార్‌లో కెఎస్‌హెచ్ ఉంది. ఇద్దరూ ఒకరేనని ఏమిటి రుజువు?”

“ఇద్దరూ మా ఆవిడేనండి” అన్నాను. ఆ మాట అనుకున్నంత బాగా రాలేదు.

రెండు కార్డుల్లోనూ అదే మొహం. అదే పుట్టిన తేదీ. భర్త పేరు దగ్గర, ఆవిడ దురదృష్టం కొద్దీ, రెండుచోట్లా నేనే. ఆయన చెడ్డవాడు కాదు, ఓపిగ్గానే చెప్పారు. “ఒక్క అక్షరం తేడా అయితే చూసీచూడనట్టు పోనిచ్చేవాణ్ణండీ. ఇది మూడక్షరాలు.”

“తెలుగులో అది ఒక్కటే అక్షరమండీ. క్ష.”

“తెలుగు ఇందులో లేదు కదండీ” అన్నారు, పాస్‌పోర్ట్ అట్ట చూపించి.

నాకు నోట మాట రాలేదు. నిజమే, లేదు. ఉన్నవి హిందీ, ఇంగ్లిషు. 2017లో అప్పటి విదేశాంగ మంత్రి సుష్మా స్వరాజ్ వివరాలు ఇంగ్లిషులోనే కాకుండా హిందీలోనూ వస్తాయని చెప్పినప్పుడు కూడా తెలుగు ఊసు లేదు. పోనీలెండి, ఉండాలని నేను పట్టుబట్టను. నా తగువు వేరే. మా ఆవిడ సంతకం తెలుగులో చేస్తుంది. ఆవిడ పుట్టాక ఒక్కనాడు కూడా తన పేరులో ఎక్స్ రాయలేదు, కెఎస్‌హెచ్ అంతకన్నా రాయలేదు. పదేళ్ల క్రితం దరఖాస్తు కొట్టిన ఏజెంటు దగ్గరి కుర్రాడికి మూడు మీటలు నొక్కడం బద్ధకమై ఎక్స్ నొక్కాడు. అప్పుడు ఇదే ప్రభుత్వం చూసి, సరిపోల్చి, ముద్ర వేసి ఇచ్చింది. ఆధార్ క్యాంపులో ఇంకో కుర్రాడు చదువుకున్నవాడు కాబట్టి కెఎస్‌హెచ్ కొట్టాడు. ఓటరు కార్డులో ఆవిడ ‘మాలక్ష్మి’. పాత రేషన్ కార్డులో ‘మహలచ్మి’. పుట్టింటి మెమోలో వాళ్ల నాన్న ఇంటిపేరు, అదీ పొడి అక్షరం. ఆవిడ మాత్రం అన్నిచోట్లా నోటితో ఒకే పేరు చెప్పింది. రాసినవాళ్లు అయిదుగురు అయిదు రకాలుగా రాసి జీతాలు తీసుకుని ఇళ్లకు పోయారు. ఆ అయిదుగురూ ఒకరేనని రుజువు చేయాల్సింది మాత్రం ఏమీ రాయని ఆవిడ!

ఫైలు హోల్డ్‌లో పడింది. పేరు మారినట్టు అఫిడవిట్ ఇవ్వాలి, రెండు దినపత్రికల్లో ప్రకటన వేయాలి.

ఇంగ్లిషు పత్రికలో ప్రకటన సాఫీగానే అయిపోయింది. తెలుగు పత్రిక ప్రకటనల కౌంటర్లో కూర్చున్నతను నేనిచ్చిన కాగితం రెండుసార్లు చదివి, కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చదివాడు.

“సార్, ‘ఇన్నాళ్లూ మహాలక్ష్మిగా పిలవబడిన నేను ఇకపై మహాలక్ష్మిగా పిలవబడుదును’ అని రాశారు. పొరపాటు పడిందా?”

“లేదు బాబూ. సరిగ్గానే రాశాను.”

“మరి మారిందేంటి సార్?”

“స్పెల్లింగు.”

అతను పక్కవాణ్ణి పిలిచి చూపించాడు. పక్కవాడు పెన్సిలు తీసి రెండో మహాలక్ష్మి కింద గీత గీశాడు, అక్కడేమైనా కనిపిస్తుందేమోనని. చివరికి బ్రాకెట్లో ఇంగ్లిషు అక్షరాలు ఇరికించి వేశారు. ‘కనబడుటలేదు’కీ ‘ప్లాట్లు అమ్మబడును’కీ మధ్యన, అగ్గిపెట్టంత చోటులో, నా భార్య మహాలక్ష్మి నుంచి మహాలక్ష్మిగా మారింది. పొద్దున్నే మా వదినగారు ఫోన్ చేసి ఏమిటమ్మా సంగతి, న్యూమరాలజీనా అని అడిగింది.

కాగితాలిచ్చి వచ్చాక వెబ్‌సైట్లో ఫైలు మూడు వారాలు ‘పరిశీలనలో ఉంది’ అనే ఒక్క వాక్యం మీద కూర్చుంది. ఏం పరిశీలిస్తున్నారో, ఎవరో తెలీదు. ఇది మనకు కొత్త విద్య కాదు. 1977 జూలైలో మేనకా గాంధీ పాస్‌పోర్ట్‌ని ప్రజాప్రయోజనం కోసం అప్పగించమన్నారు. ఏమిటా ప్రయోజనం అని ఆవిడ అడిగితే, కారణం చెప్పకపోవడమే ప్రజాప్రయోజనం అన్నారు. 1978లో సుప్రీంకోర్టు, మనిషి స్వేచ్ఛకి అడ్డుపడే పద్ధతి న్యాయంగా ఉండాలి, ఇష్టారాజ్యంగా ఉండకూడదని చెప్పింది. లా కాలేజీల్లో ఇప్పటికీ మొదట పాఠం చెప్పే కేసుల్లో అదొకటి. అంతకు పదకొండేళ్ల ముందయితే పాస్‌పోర్ట్‌కి చట్టమన్నదే లేదు, అధికారి దయ తలిస్తే పుస్తకం, లేకపోతే లేదు. 1967లో అదే కోర్టు ఇలా కుదరదన్నాక హడావిడిగా చట్టం చేశారు. మాజీ ప్రధానమంత్రిగారి కోడలు కాబట్టి మేనకా గాంధీ సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. మా మహాలక్ష్మి కస్టమర్ కేర్‌కి ఫోన్ చేసింది. హిందీకి ఒకటి, ఇంగ్లిషుకి రెండు అన్నంతవరకూ విని, నాకిచ్చేసింది.

తరవాత పోలీసు వెరిఫికేషన్. కానిస్టేబుల్ మర్యాదస్తుడు. ట్యాబ్‌లో ఇంటి ఫొటో, గుమ్మంలో మా ఆవిడ ఫొటో తీసుకున్నాడు. ఇద్దరు ఇరుగుపొరుగు సాక్షులు కావాలన్నాడు. కుడిపక్క వాళ్లు ఊళ్లో లేరు. ఎడమపక్క ఆయనతో నీళ్ల మోటారు విషయంలో నాలుగేళ్లుగా మాటల్లేవు. దేశం దాటాలంటే ముందు ఆ గోడ దాటాలి. దాటాను. ఆయన సంతకం పెడుతూ, “అమెరికా నుంచి ఎప్పుడొస్తారు?” అన్నాడు. రావడం గురించే అడిగాడో, రాకూడదని అడిగాడో! కానిస్టేబుల్ వెళ్తూ వెళ్తూ గుమ్మంలో ఆగి, టీ కూడా అయిపోయాక, “అంతేనా సార్?” అన్నాడు. ఆ ‘అంతేనా’కి ఏ ఫీజుల పట్టికలోనూ రసీదు లేదు.

పదో రోజుకి స్పీడ్‌పోస్ట్‌లో పుస్తకం వచ్చింది. నీలం అట్ట మీద నాలుగు సింహాల కింద చిన్న బంగారు గుర్తు, లోపల చిప్పు. దగ్గర పెడితే చాలు, యంత్రం తాకకుండానే చదివేస్తుందట. అందులో కెఎస్‌హెచ్. మా ఆవిడ అన్నీ తిప్పి చూసి, “ముందు పేజీలో ఈ ఇంగ్లిషులో ఏం రాశారు?” అంది. చదివి చెప్పాను. భారత రాష్ట్రపతి పేరు మీద, సంబంధించినవాళ్లందరికీ విన్నపం, ఆదేశం: ఈ మనిషిని ఏ అడ్డూ ఆటంకం లేకుండా పోనివ్వండి, అవసరమైన సాయం చేయండి, రక్షణ ఇవ్వండి.

ఆవిడ కాసేపు ఆలోచించింది. “ఈ పేజీ ముందే ఇచ్చుంటే ‘బి’ కౌంటర్లో చూపించేదాన్ని కదా.”

వీసాలకి చిలుకూరు బాలాజీ ఉన్నాడు. వెళ్లి పదకొండు ప్రదక్షిణాలు చేసి, కోరిక తీరితే నూటెనిమిది మొక్కుకొచ్చాం. అక్కడ స్వామి ఏ లక్ష్మి అని అడగలేదు. టికెట్టు బుక్ చేసుకుందామనుకుని, ఊరగాయల ప్యాకింగు మొదలుపెట్టేలోగా, బ్యాంకు నుంచి ఫోనొచ్చింది. డాలర్ల కార్డు కోసం కొత్త పాస్‌పోర్ట్ కాపీ ఇచ్చాం లెండి.

“మేడమ్, అకౌంట్లో మీ పేరు ఎక్స్‌తో ఉంది. పాస్‌పోర్ట్‌లో కెఎస్‌హెచ్ అని వచ్చింది. ఇద్దరూ ఒకరేనని ఒక డిక్లరేషన్ ఇవ్వాలి. వచ్చేటప్పుడు రెండు పాస్‌పోర్ట్ సైజు ఫొటోలు పట్టుకురండి.”

ఎనిమిదీ అలాగే ఉన్నాయి.